కుఫ్రాలో చేసిన ప్రమాణం

ఒరేయ్ శీనూ,

ఎలా ఉన్నావు? అమ్మగారి మోకాళ్ళ నొప్పులు తగ్గాయా? మొన్న ఫోన్లో సగంలో ఆగిపోయిన ఫ్రెంచి సేనాని లెక్లేర్ కథ ఇవాళ తీరిగ్గా రాస్తున్నాను.

ఆయన అసలు పేరు ఫిలిప్ ద ఓత్‌క్లోక్. 1902లో ఉత్తర ఫ్రాన్సులో, పికార్డీలోని పాత ప్రభువుల వంశంలో పుట్టాడు. సైనిక కళాశాలలో చదివి అశ్వికదళంలో చేరాడు. 1940లో జర్మన్లు ఫ్రాన్సు మీద పడేనాటికి కెప్టెన్. రెండుసార్లు వాళ్ళ చేతికి చిక్కి, రెండుసార్లూ బయటపడ్డాడు. రెండోసారైతే తలకు గాయంతో! భార్యనీ, ఆరుగురు పిల్లల్నీ అక్కడే వదిలి స్పెయిన్, పోర్చుగల్ మీదుగా లండన్ నుంచి జర్మన్ల మీద పోరు సాగిస్తున్న ఫ్రెంచి నాయకుడు ద గోల్ దగ్గరికి చేరాడు. ఇంట్లోవాళ్ళను శత్రువులు ఏమైనా చేస్తారని లెక్లేర్ అని పేరు మార్చుకున్నాడు. ఆ పిల్లల తల్లి తెరేజ్ ఆ నాలుగేళ్ళు ఎలా నెట్టుకొచ్చిందో తలుచుకుంటే మనసు ఆగదురా.

ద గోల్ ఆయన్ని ఆఫ్రికా పంపాడు. ఇరవై చిల్లర మందితో పడవల్లో కామెరూన్‌లోని దువాలా చేరి, రాత్రికి రాత్రి ఊరిని తమ వైపు తిప్పేశాడు. ఆ తరువాత చాద్ నుంచి ఎడారి దాటి లిబియాలోని కుఫ్రా మీదికి నడిచాడు. ఉన్నది దాదాపు 400 మంది, పాత లారీలు, ఒకే ఒక్క 75 మిల్లీమీటర్ల ఫిరంగి. దాన్నే చోటు మార్చి మార్చి కాల్పించాడు. 1941 మార్చి 1న ఇటాలియన్ కోట లొంగిపోయింది. మర్నాడు తనవాళ్ళందరి చేతా ప్రమాణం చేయించాడు: జర్మన్ల చేతిలో ఉన్న మన స్ట్రాస్‌బూర్ నగరపు కెథడ్రల్ (పెద్ద చర్చి) మీద మన జెండా ఎగిరేదాకా ఆయుధం దించం అని. స్ట్రాస్‌బూర్ ఎక్కడ, ఆ ఇసుక ఎక్కడ! ఇక్కడికొచ్చేసరికి నాకు ప్రతిసారీ ఒళ్ళు గగుర్పొడుస్తుంది.

1944 ఆగస్టులో ఆయన రెండో ఆర్మర్డ్ డివిజన్ (ట్యాంకుల సేన) ఫ్రాన్సు తీరంలోని నార్మండీలో దిగింది. పై అమెరికన్ జనరల్ అనుమతి ఇచ్చేదాకా ఆగకుండా ముందు ఒక చిన్న దళాన్ని పారిస్ వైపు పంపాడు. 24 రాత్రి సిటీ హాలు ముందుకు చేరిన మొదటివాళ్ళలో చాలామంది స్పానిష్ రిపబ్లికన్లు, స్పెయిన్ నియంత ఫ్రాంకో చేతిలో దేశం పోగొట్టుకున్నవాళ్ళు! నవంబరు 23న స్ట్రాస్‌బూర్. కెథడ్రల్ మీద జెండా ఎగిరింది. మాట నిలిచింది.

కానీ ఒక్కటి మింగుడుపడదు. కుఫ్రాకు నడిచినవాళ్ళలో ఎక్కువమంది చాద్ ప్రాంతపు నల్లజాతి సైనికులు. డివిజన్ కట్టేటప్పుడు వాళ్ళను పక్కన పెట్టేశారు. తెల్లవాళ్ళ దళమే కావాలని మిత్రదేశాల పెద్దలు అడిగారు, ఫ్రెంచివాళ్ళు తలూపారు. వాళ్ళు లేకుండా స్ట్రాస్‌బూర్ చేరడం పూర్తి విజయం కాదని నేనంటాను.

యుద్ధం ముగిశాక 1945 సెప్టెంబరు 2న టోక్యో అఖాతంలో జపాన్ లొంగుబాటు పత్రం మీద ఫ్రాన్సు తరఫున సంతకం పెట్టింది ఆయనే. తర్వాత ఫ్రెంచి పాలనలోని ఇండోచైనాలో (వియత్నాం ప్రాంతం) ఆయుధంతో తేలదు, అక్కడి స్వాతంత్ర్య నాయకుడు హో చి మిన్‌తో మాట్లాడాలన్నాడు. ఎవరూ వినలేదు. 1947 నవంబరు 28న అల్జీరియా ఎడారిలో విమానం కూలి చనిపోయాడు. వయసు 45. 1952లో మార్షల్ బిరుదిచ్చారు.

ఆ నల్లజాతి సైనికుల సంగతిలో లెక్లేర్ ఎంత బాధ్యుడంటావు? నువ్వు చరిత్ర చదివినవాడివి, మొహమాటపడకుండా రాయి. పిల్లలకు నా ఆశీస్సులు.

నీ
మూర్తి