బీడు అనుకున్న చోట ఒక రోజు

ప్రియమైన తల్లిదండ్రులకు నమస్కారం.

డిసెంబరులో ఎనిమిదో తరగతి పిల్లల్ని ఒక రోజంతా పక్షులు చూడటానికి తీసుకెళ్లాం. పొద్దున గార్గేయపురం చెరువు, మధ్యాహ్నం నుంచి రోళ్లపాడు గడ్డి బయళ్లు. జనవరి చివర్లో ఏడో తరగతి, ఫిబ్రవరి మొదట్లో తొమ్మిదో తరగతి వంతు. పంపాలా వద్దా అని మీలో చాలామంది ఆలోచిస్తున్నారని తెలుసు. కొందరు వచ్చి అడిగారు కూడా. "మేడమ్, చూడ్డానికి అక్కడ ఏముంది? గడ్డే కదా" అని ఒక తండ్రి అన్నారు. ఈ నెల లేఖంతా ఆ ప్రశ్నకే జవాబుగా రాస్తున్నాను.

ముందు చెరువు సంగతి. కర్నూలు నుంచి నందికొట్కూరు వెళ్లే దారిలో ఉంది కాబట్టి సూర్యోదయానికల్లా చేరిపోయాం. చలికి పిల్లలు ముడుచుకుని కూర్చున్నారు. వెలుతురు వచ్చేకొద్దీ నీళ్ల మీద ఒక్కొక్కటే బయటపడ్డాయి. నుదుటి మీద తెల్లటి నామంతో నామాల కోళ్లు, రెక్కలు విప్పి ఆరబెట్టుకుంటున్న నీటికాకులు, చూస్తుండగానే మునిగి ఎక్కడో తేలే బుడుబుంగలు. అందరికంటే వెనక నిలబడ్డ ఒక పాప మెల్లిగా చెయ్యెత్తి అవతలి ఒడ్డు చూపించింది. అక్కడ బూడిదరంగు బాతుల గుంపు మేస్తోంది. తెల్లటి తల వెనక రెండు నల్ల పట్టీలు. బార్ హెడెడ్ గూస్ అంటారు.

టిబెట్ పీఠభూమి, లద్దాఖ్, మంగోలియా లాంటి చోట్ల గుడ్లు పెట్టి, చలికాలానికి హిమాలయాలు దాటి ఇక్కడికి వస్తాయివి. ఏడు వేల మీటర్లకు పైన ఎగిరినట్టు కూడా శాస్త్రవేత్తలు వాటికి కట్టిన పరికరాల ద్వారా నమోదు చేశారు. అంత ఎత్తులో గాలి ఎంత పలచగా ఉంటుందో సైన్సు సార్ చెప్పారు. తర్వాత కాసేపు ఎవరూ మాట్లాడలేదు. ఆరో తరగతి నుంచీ అట్లాసులో చూస్తున్న హిమాలయాలను దాటి వచ్చిన ప్రాణి ఎదురుగా గడ్డి మేస్తుంటే, కొత్తగా పాఠం ఏం చెప్పాలి?

ఆ నిశ్శబ్దం గురించి ఒక మాట చెప్పాలి. చాలా ఏళ్ల కిందట, ఇంకో ఊళ్లో టీచరుగా ఉన్నప్పుడు, పిల్లల్ని ఒక చెరువుకు పిక్నిక్‌కు తీసుకెళ్లాను. మాట్లాడుకున్న బస్సు డ్రైవరు కట్ట మీదికే బండి తెచ్చి పాటలు పెట్టాడు. క్షణంలో చెరువు ఖాళీ అయింది. అన్ని పక్షులు ఒకేసారి లేచేసరికి పిల్లలు చప్పట్లు కొట్టారు. నేనూ సంతోషంగా చూస్తూ నిలబడ్డాను. మేము అక్కడున్నంతసేపూ అవి మళ్లీ దిగలేదు. వేల కిలోమీటర్లు ఎగిరి వచ్చిన పక్షి ఇక్కడ తిని ఒళ్లు కూడదీసుకోవాలి, మార్చిలో మళ్లీ అంత దూరం వెళ్లాలి. అనవసరంగా లేపిన ప్రతిసారీ ఆ బలంలో కొంత పోతుంది. ఆ రోజు నాకది తెలియదు. తెలిశాక చాలా బాధపడ్డాను. అందుకే ఇప్పుడు బస్సు రోడ్డు మీదే ఆగుతుంది, కట్ట మీదికి నడిచే వెళ్తాం. చిప్స్ ప్యాకెట్లు వద్దన్నదీ అందుకే, ఆ కరకర చప్పుడు నీళ్ల మీద చాలా దూరం పోతుంది.

కట్ట దిగువన చెట్ల కింద టిఫిన్లు చేశాం. ఎవరో ఉగ్గాని తెచ్చారు, అది అందరికీ పంచేసరికి రెండు నిమిషాల్లో అయిపోయింది.

ఇక రోళ్లపాడు. నంద్యాల జిల్లా మిడ్తూరు మండలంలో ఆరు చదరపు కిలోమీటర్లకు కాస్త ఎక్కువ ఉన్న చిన్న అభయారణ్యం. 1988లో ప్రకటించారు. అభయారణ్యం అనగానే పిల్లలు పెద్ద చెట్లు ఊహించుకున్నారు. దిగి చూస్తే ఆకాశం, గడ్డి, అక్కడక్కడా ముళ్ల పొదలు. ఒకడు పైకే అన్నాడు, "ఇది మా తాత గొర్లు మేపే బీడు లాగే ఉంది" అని. నిజమే. అలాంటి బీడునే కాపాడుకోవడానికి ఒక అభయారణ్యం ఎందుకు అవసరమైందో చెప్పడానికే అంత దూరం తీసుకెళ్లాం.

దాన్ని ప్రకటించింది బట్టమేక కోసం. పేరు విని పిల్లలు మేక అనుకున్నారు. అది పక్షి. దాదాపు మీటరు ఎత్తు, మగది 15 కిలోల దాకా తూగుతుంది. ఎగిరే పక్షుల్లో ప్రపంచంలోనే బాగా బరువైన వాటిలో ఒకటి. 1963లో నెమలిని జాతీయ పక్షిగా ఎంచుకున్నప్పుడు దీని పేరు కూడా చర్చకు వచ్చింది. 1980లలో రోళ్లపాడులో ఇవి గుంపులుగా కనబడేవి. బాంబే నేచురల్ హిస్టరీ సొసైటీ వాళ్లు ఇక్కడే ఉండి ఏళ్ల తరబడి వీటిని అధ్యయనం చేశారు.

మేం చూసింది మాత్రం బట్టమేకను కాదు, దాని బొమ్మను. దేశం మొత్తంలో ఇప్పుడు 150 కంటే తక్కువే మిగిలాయి. వాటిలో ఎక్కువ భాగం రాజస్థాన్‌లోని జైసల్మేర్ ప్రాంతంలో ఉన్నాయి. అక్కడ 2019 నుంచి గుడ్లు సేకరించి, పొదిగించి పిల్లల్ని పెంచుతున్నారు.

ఎందుకిలా అయిందని పిల్లలు అడిగారు. దీనికి ఒకరినే దోషిని చేయలేం, వాళ్లకూ అలాగే చెప్పాను. బట్టమేక సాధారణంగా ఏడాదికి ఒక్క గుడ్డే పెడుతుంది, అదీ గూడు లేకుండా నేల మీద. ఒక కుక్క, ఒక ట్రాక్టరు, మేతకొచ్చిన ఒక మంద చాలు, ఆ ఏడాది అంతే. చుట్టుపక్కల జొన్న, కొర్ర, బుడ్డల చేలున్నన్నాళ్లు అది గడ్డిలోంచి చేలల్లోకి వచ్చి మిడతలు తినేది. కాలువ నీళ్లు వచ్చాక పంటలు మారాయి, మందులు పెరిగాయి. నీళ్లు రావడం రైతుకు ఎంత అవసరమో మన కర్నూలు వాళ్లకు ఒకరు చెప్పక్కర్లేదు, మన పిల్లల్లో సగం మంది ఆ రైతుల ఇళ్ల నుంచే వస్తున్నారు. నీటి పక్షులకు మేలు చేసిన నీళ్లే గడ్డి పక్షికి చోటు తగ్గించాయి. పొద్దున చెరువునీ మధ్యాహ్నం గడ్డినీ ఒకే రోజు చూపించాలని పట్టుబట్టింది ఇది అర్థం కావాలనే. పైగా ఈ పక్షికి ఎదురుగా ఉన్నవి సరిగ్గా కనబడవు, కరెంటు తీగలకు కొట్టుకుని చచ్చిపోతాయి. ఈ సంగతి విన్న ఒక అబ్బాయి ఇంటికెళ్లి రెండు రోజులు దిగులుగా ఉన్నాడని వాళ్లమ్మ చెప్పారు. ఆ దిగులు మంచిదేనని నా నమ్మకం.

కానీ రోళ్లపాడు ఖాళీగా లేదు. కృష్ణజింకల మంద దాటుతుంటే పిల్లలు ఊపిరి బిగబట్టి చూశారు. భరత పిట్ట పాడుతూ నిటారుగా పైకి పోయి, అక్కడే కాసేపు రెక్కలాడించి రాయిలా కిందికి పడటం చూశారు. తీగ మీద పాలపిట్ట కూర్చుంటే, దసరా రోజున దాన్ని ఎందుకు చూడాలంటారో ఇద్దరు చెప్పారు, రెండు కథలూ వేరు. గాల్లో ఒకేచోట నిలబడి రెక్కలాడించే చిన్న తెల్ల గద్దను చూపించి, మన పాతవాళ్లు దీన్ని అడవి రామదాసు అనేవారని చెప్పాను. ఆ పేరు వాళ్లకు ఎంత నచ్చిందంటే బస్సులో తిరిగొచ్చేదాకా అదే మాట.

సాయంత్రం కోసం ఓపిగ్గా ఆగమని ముందే చెప్పాం. ఐదు దాటాక, ఎండ పచ్చబడ్డప్పుడు, పడమటి నుంచి ఒకటి వచ్చింది. రెక్కలు కాస్త పైకెత్తి, గడ్డిని దాదాపు తాకుతూ, చప్పుడు లేకుండా. తర్వాత ఇంకోటి. ఆ తర్వాత మూడు. వీటిని పిల్లి గద్దలంటారు. కజకిస్తాన్ వైపు గడ్డి మైదానాల నుంచి, మూడు వేల కిలోమీటర్లకు పైనే ప్రయాణం చేసి చలికాలం గడపడానికి వస్తాయి. పగలంతా చేల మీద తిరిగి మిడతలు తింటాయి, అంటే మన రైతు పనే చేస్తాయి. రాత్రికి మాత్రం చెట్టెక్కవు. గడ్డిలో, నేల మీదే, ఒకదానికొకటి కాస్త ఎడంగా పడుకుంటాయి. ఒక్కొక్కటీ గడ్డిలోకి దిగి మాయమవుతుంటే పిల్లలు లెక్కపెట్టారు. చీకట్లో లెక్క కుదరక రెండు గుంపుల మధ్య గొడవ కూడా అయింది. "మరి ఈ గడ్డి దున్నేస్తే ఎక్కడ పడుకుంటాయి?" అని అడిగింది పొద్దున బాతుల్ని చూపించిన పాపే.

ఇంకో పిల్లాడు అడిగింది నాకు ఇంకా గుర్తుంది. మనం ఏటా మొక్కలు నాటుతాం కదా, ఇక్కడెందుకు నాటకూడదు అని. మంచి ప్రశ్న, మన పెద్దవాళ్లే పొరబడే విషయం. గడ్డి బయలు అంటే చెట్లు నరికేసిన అడవి కాదు. అది వేరే నివాసం. నేల మీద గుడ్డు పెట్టే పక్షికి నాలుగు వైపులా దూరం దాకా కనబడాలి. మధ్యలో చెట్టు పెడితే, గుడ్ల కోసం కాచుకుని కూర్చునే కాకికి మనమే కుర్చీ వేసినట్టు. ఇలాంటి నేలలను బంజరు, బీడు అని రాసుకోవడం వల్లే, ఎవరికి ఏం కావాలన్నా ముందు వాటి మీదే చెయ్యి పడింది.

ఇక్కడ మీకు చెప్పాల్సిన ఇంకో విషయం ఉంది. బడి వెనక ఖాళీ స్థలం శుభ్రం చేయించి బండ్లు పెట్టుకోవడానికి ఇవ్వమని మీలో కొందరు అడిగారు. పాముల భయం గురించి కూడా రాశారు, ఆ భయం న్యాయమైనదే. గేటు నుంచి తరగతుల దాకా, మరుగుదొడ్ల చుట్టూ గడ్డి పూర్తిగా తీయించాం, ఇకపైనా తీయిస్తాం. కానీ దక్షిణం మూల, కంచె అవతల, అలాగే వదిలేయాలని నిర్ణయించాను. పోయిన వేసవిలో అక్కడ గులకరాళ్ల మధ్య తీతువు నాలుగు గుడ్లు పెట్టింది. తీతువు కూస్తే కీడు అని మా అమ్మమ్మ కూడా అనేది. అది కూసేది మనం దాని గుడ్ల దగ్గరికి వెళ్లామని. ఈ ఏడాది మార్చి నుంచి ఐదో తరగతి వాళ్లు కంచె ఇవతల నుంచి రోజూ చూసి రాసుకుంటారు.

రాబోయే ప్రయాణాల వివరాలు. ఏడో తరగతి జనవరి చివరి శనివారం, తొమ్మిదో తరగతి ఫిబ్రవరి మొదటి శనివారం. ఫిబ్రవరి 2 ప్రపంచ చిత్తడి నేలల దినం కాబట్టి ఆ వారంలో వెళ్తే బాగుంటుందనిపించింది. అంతకంటే ఆలస్యం చేస్తే ఎండ ముదురుతుంది, పిల్లి గద్దలూ తిరుగు ప్రయాణం మొదలుపెడతాయి. తొమ్మిది వాళ్ల తల్లిదండ్రులకు పరీక్షల టెన్షన్ ఉందని తెలుసు. ఆ వారంలో యూనిట్ టెస్ట్ పెట్టొద్దని టీచర్లకు చెప్పాను.

బస్సు ఉదయం 5:30కి బయల్దేరి రాత్రి 8 గంటలకల్లా తిరిగొస్తుంది. అటవీ శాఖ అనుమతి తీసుకున్నాం, దారి తెలిసిన వాచర్లు వెంట ఉంటారు. పదిమంది పిల్లలకు ఒక టీచరు, వాళ్లలో ఇద్దరు మేడమ్‌లు తప్పనిసరి. ఆడపిల్లల మరుగుదొడ్డి గురించి అడిగారు. చెరువు నుంచి బయల్దేరాక నందికొట్కూరులో ఒకసారి ఆగుతాం, ఆ ఏర్పాటు ముందే చూసుకున్నాం. చెరువు దగ్గర కట్ట దిగి నీళ్ల వైపు ఎవరినీ వెళ్లనివ్వం.

బట్టలు మట్టి రంగువో ఆకుపచ్చవో వేయండి, తెల్ల యూనిఫాం ఆ రోజుకు వద్దు. బూట్లు, టోపీ, స్వెటర్, స్టీలు బాటిల్ నిండా నీళ్లు. మధ్యాహ్నానికి చిత్రాన్నం లాంటిది డబ్బాలో పెట్టండి. ఫోన్ వద్దు. బైనాక్యులర్స్ కొనకండి, దయచేసి. బడిలో ఉన్నవాటిని ముగ్గురికి ఒకటి చొప్పున ఇస్తాం. వంతు కోసం ఎదురుచూసేటప్పుడే పిల్లలు కళ్లతో ఎక్కువ చూస్తున్నారు, డిసెంబరులో ఇది నేను స్వయంగా గమనించాను. బస్సు ఖర్చుకు మనిషికి 250 రూపాయలు. ఇబ్బంది ఉన్నవాళ్లు క్లాస్ టీచరుకు ఒక్క మాట చెప్పండి, అది ఆమె దగ్గరే ఉంటుంది. డబ్బు వల్ల ఏ ఒక్క బిడ్డా ఆగిపోకూడదు.

చివరగా, మీ నుంచి ఒకటి కావాలి. గొర్లు మేపే ఆ తాతగారిని మొన్న బడికి పిలిచాం. పుస్తకంలో బొమ్మలు చూపిస్తే పూరేడు, కౌజు, కంకణం అని వరసగా పేర్లు చెప్పారు, ఏది ఏ నెలలో ఎక్కడ గుడ్లు పెడుతుందో కూడా. ఇవి మా టీచర్లలో ఎవరికీ తెలియవు. అంతరించిపోయిందనుకున్న కలివి కోడి అనే పక్షి 1986లో కడప జిల్లాలో మళ్లీ దొరికిందంటే, దాన్ని ఎరిగిన స్థానిక వేటగాళ్ల సాయంతోనే. మీ ఇళ్లలో కూడా అలాంటి పెద్దవాళ్లు ఉంటారు. ఆఫీసు గదిలో టేబుల్ మీద ఒక నోటు పుస్తకం పెట్టాం. మీ ఊళ్లో ఏ పిట్టను ఏమంటారో, ఎక్కడ చూశారో, ఇప్పుడు కనబడుతోందో లేదో అందులో రాయండి. రాయడం రాని అవ్వాతాతలు వచ్చి చెబితే మా పిల్లలు రాసుకుంటారు, సాయంత్రం నాలుగు నుంచి ఐదు దాకా ఇద్దరు అక్కడే ఉంటారు. అనుమతి పత్రం మీద సంతకం చేసి 20వ తేదీలోపు పంపండి.

ఇట్లు,
ప్రధానోపాధ్యాయురాలు