సహాయ నటికి ఒక్క వాక్యమేనా?

సంపాదకుల వారికి నమస్కారాలు.

మూడు వారాల కిందట మీ ఆదివారం అనుబంధంలో వచ్చిన గ్రీకు సినిమా వ్యాసం గురించి ఈ ఉత్తరం. మెలీనా మెర్కూరి, ఇరీన్ పాపాస్‌లకు పేజీలో సింహభాగం ఇవ్వడం న్యాయమే, 1955 నాటి ‘స్టెల్లా’ గురించి రాసిన భాగం బాగుంది కూడా. కానీ జార్జియా వసిలియాదూను ‘వికారపు ముఖంతో నవ్వించిన సహాయ నటి’ అని ఒక్క వాక్యంలో తేల్చేయడం, ఆమె ఫొటో కింద పేరైనా వేయకపోవడం చూసి చాలా బాధ కలిగింది.

1897లో ఏథెన్స్‌లో పుట్టిన ఆమె ఏళ్ల తరబడి రంగస్థలం మీద పనిచేసి, సినిమాలో పెద్ద పేరు తెచ్చుకునే నాటికి యాభై దాటారు. 1954లో ‘ఏథెన్స్ సుందరి’ వచ్చేసరికి ఆమెకు 57 ఏళ్లు. ఆ తరువాత 1956లో కాఫీ కప్పు అడుగున మిగిలిన మడ్డి చూసి జోస్యం చెప్పే ఆవిడ, 1957లో షికాగో నుంచి వచ్చిన మేనత్త, 1958లో మంత్రసాని. ఈ నాలుగు సినిమాల పేర్లూ ఆమె వేసిన పాత్రల మీద పెట్టినవే. అటువంటి నటిని పక్కపాత్రల మనిషి అని రాసిన వారు ఆ సినిమాల పేర్లయినా చదవలేదనే అనుకోవాలి. షికాగో మేనత్త కథలో, మిలిటరీ క్రమశిక్షణ వదలని అన్నగారి ఇంటికి ఏళ్ల తరువాత తిరిగివచ్చి, పాత సామాను మార్పించి, దారిన పోయే కుర్రవాళ్ల మీద బాల్కనీ నుంచి నీళ్లు కుమ్మరించి మరీ మేనకోడళ్లకు సంబంధాలు వెతికే ఆ అత్తయ్యను చూసినవారు ఆమె ముఖం అందంగా ఉందా లేదా అని ఆలోచించరు. దర్శకుడు సకెలారియోస్ అంతటివాడు అరవై ఏళ్ల స్త్రీ భుజాల మీద కథంతా పెట్టాడంటే ఆమె శక్తి ఎంతటిదో వ్యాసకర్తకు తట్టి ఉండవలసింది.

ఈ చులకన మనకు కొత్తది కాదు. రామారావు, నాగేశ్వరరావు, సావిత్రి, జమున ఉన్న 1962 నాటి సినిమాకు ‘గుండమ్మ కథ’ అని సూర్యకాంతం గారి పాత్ర పేరు పెట్టారు. అయినా ఈనాటికీ ఆమెను ‘గయ్యాళి అత్త’ అన్న రెండు మాటలతో సరిపెడుతున్నారు. టీవీలో పాత సినిమా వేసేటప్పుడు టైటిల్స్ కోసేస్తారు, పత్రికలేమో నాయికా నాయకుల పేర్లతో ఆగిపోతాయి. ఇక చిన్న పాత్రలు వేసినవారి పేర్లు పిల్లలకు ఎక్కడ దొరుకుతాయి? ఒకప్పుడు మీ అనుబంధంలోనే ఫొటో కింద పేరు లేకుండా పేజీ అచ్చుకు వెళ్లేది కాదు.

1980లో కన్నుమూసిన ఆ నటి మీద అదే అనుబంధంలో ఒక పూర్తి వ్యాసం వేయించండి. ఈసారి ఫొటో కింద ఆమె పేరు కూడా వేయించమని మనవి.

ఇట్లు,
మీ పాత పాఠకురాలు, కాకినాడ