తిట్టే గురువే గొప్ప గురువా? యౌకో తుర్కా సంగతి

ఎడిటర్ గారికి నమస్కారం,

పోయిన ఆదివారం మీ పేపర్లో నటన నేర్పడం గురించి వచ్చిన వ్యాసం ఇక్కడ హెల్సింకి పక్కన ఎస్పోలో కూర్చుని ఫోన్లో చదివాను. గురువు నలుగురిలో నాలుగు తిట్టి ఏడిపిస్తేనే నటుడు తయారవుతాడన్నట్టు రాశారు. నాకు వెంటనే యౌకో తుర్కా గుర్తొచ్చాడు, ఫిన్లాండ్‌లో నాటకాల మాట ఎత్తితే ఆయన పేరు దగ్గర ఇప్పటికీ గొడవే.

1942లో పుట్టాడు, 2016లో పోయాడు. డెబ్బైల్లో హెల్సింకి సిటీ థియేటర్లో డైరెక్టర్‌గా పేరు మోగిపోయింది, 1982 నుంచి 1985 దాకా ఇక్కడి థియేటర్ అకాడమీకి రెక్టార్, అంటే దానికి పెద్ద, ప్రొఫెసర్ కూడా. స్టూడెంట్లని పరిగెత్తించేవాడు, ఒళ్లంతా చెమటలు కారి ఊపిరి అందని స్థితిలో డైలాగ్ చెప్పించేవాడు, అరిచేవాడు, అవమానించేవాడు. మొహమాటం పోయి మనిషి లోపల ఉన్నది బయటికి రావాలని ఆయన పట్టు. ఆయన వల్లే నటులం అయ్యామని చెప్పేవాళ్లు ఉన్నారు, ఆ క్లాసుల దెబ్బ ఏళ్ల తరబడి మోశామని చెప్పినవాళ్లూ ఉన్నారు.

1987 జనవరిలో ఔలు అనే ఊళ్లో నలుగురు అకాడమీ స్టూడెంట్లు ‘దేవుడి థియేటర్’ అని పేరు పెట్టుకుని, బట్టల్లేకుండా స్టేజీ ఎక్కి ప్రేక్షకుల మీదకి గుడ్లు, పెరుగు, మలం విసిరారు, టపాకాయలు పేల్చారు. కోర్టు దాకా వెళ్లి శిక్ష పడింది. అది తుర్కా చేయించాడని నేను అనను, కానీ దేశమంతా ఆయన నేర్పే పద్ధతినే వేలెత్తి చూపింది. ఆ నలుగురిలో యోర్మా టొమ్మిలాని మనవాళ్లు ‘సిసు’ సినిమాలో హీరోగా చూసే ఉంటారు. ఇంకొకరు ఎసా కిర్కోపెల్టో, తర్వాత అదే అకాడమీలో ప్రొఫెసర్ అయ్యారు.

తుర్కా గొప్ప డైరెక్టర్ కాదు అనడానికి ఇదంతా రాయట్లేదండీ. 1989లో ఆయన తీసిన ‘ఏడుగురు అన్నదమ్ములు’ టీవీ సీరియల్ చూశాను, నా ఫిన్నిష్ అంతంతమాత్రమే అయినా కళ్లు తిప్పుకోలేకపోయా. మెడ నరాలు ఉబ్బి, నోట్లోంచి ఉమ్ము ఎగిరి, బురదా చెమటా కలిసిపోయి ఆ అన్నదమ్ములు అరుచుకుంటుంటే నిజంగా అడవిలో పెరిగినవాళ్లే అనిపిస్తుంది. అప్పట్లో చాలామందికి కోపం వచ్చిందట, ఎందుకంటే ఆ నవల అలెక్సిస్ కివి 1870లో రాసింది, ఇక్కడివాళ్లకి ప్రాణం, కివి పుట్టినరోజు అక్టోబర్ 10న దేశమంతా జెండాలు ఎగరేస్తారు.

ఆ నవలలోనే ఉంది నేను చెప్పాలనుకున్నది. అక్షరాలు రాని ఆ అన్నదమ్ములు చర్చి గుమస్తా దగ్గరికి చదువుకి వెళ్తారు, ఆయన పెద్దోడు యుహానీ జుట్టు పట్టుకుని పీకుతాడు, మీసాలొచ్చిన మగాణ్ని మూల నిలబెడతాడు. అవమానం తట్టుకోలేక అందరూ కిటికీ పగలగొట్టుకుని పారిపోతారు. తర్వాతెప్పుడో వాళ్లు చదవడం నేర్చుకునేది తమలో అందరికంటే చిన్నోడు ఏరో దగ్గర, సొంత ఇంట్లో కూర్చుని.

నేనూ కుర్రాడిగా ఉన్నప్పుడు పరిషత్తు నాటకాలకి రిహార్సల్స్‌కి వెళ్లేవాణ్ని. ఒక డైరెక్టర్ గారు అందరి ముందూ నా గొంతుని వెక్కిరించి స్క్రిప్ట్ మొహాన కొట్టారు. దానివల్ల నా గొంతు బాగుపడలేదు, నేను నాటకం మానేశాను అంతే. నాతోపాటు ఉండి తట్టుకున్న ఒకతను ఇప్పుడు ఆ తిట్లనే మెచ్చుకుంటాడు, నాలా మానేసినవాణ్ని మాత్రం ఎవరూ వచ్చి అడగరు.

అందుకే మీకు నా మనవి, ఇంకోసారి ఇలాంటి గురువుల గురించి వేసేటప్పుడు పైకొచ్చిన శిష్యుల ఫోటోల పక్కన, మధ్యలో వెళ్లిపోయినవాళ్లని కూడా ఒకళ్లిద్దరిని పలకరించి వాళ్ల మాట కూడా వేయండి.

ఇట్లు,
మీ పాఠకుడు, ఎస్పో, ఫిన్లాండ్