నల్ల ఈగను దోమగా మార్చిన వార్త గురించి

సంపాదకులకు,

అయ్యా,

ఆఫ్రికాలోని నైజర్ దేశం రివర్ బ్లైండ్‌నెస్ వ్యాధిని నిర్మూలించినట్లు ప్రపంచ ఆరోగ్య సంస్థ 2025 జనవరిలో ధ్రువీకరించిన సంగతిని మీ పత్రిక తీరిగ్గా ఇటీవల లోపలి పేజీలో, నగల దుకాణం ప్రకటన కింద మిగిలిన జాగాలో వేసింది. ఆ ఖండంలో ఈ ఘనత సాధించిన మొదటి దేశం అదే కనుక, ఆలస్యంగానైనా వేసినందుకు సంతోషం. అయితే వార్త పక్కన కాళ్లపై తెల్ల చారలున్న డెంగీ దోమ బొమ్మ అచ్చువేసి, ‘దోమకాటుతో చూపు పోయే జబ్బు’ అని శీర్షిక పెట్టి, చివర్లో ‘ఇంటి చుట్టూ నీరు నిల్వ ఉండనీయరాదు’ అన్న ఒక అధికారి సలహాను కూడా అతికించారు. సవరణ వస్తుందేమోనని ఇన్నాళ్లూ చూసి, రాకపోవడంతో ఈ లేఖ రాస్తున్నాను.

ఆ వ్యాధిని మోసేది దోమ కాదు, నల్ల ఈగ. గూని వీపుతో, పొట్టి కాళ్లతో, కొద్ది మిల్లీమీటర్ల పొడవుండే ఈ ఈగకు నిలవనీరు అసలు పనికిరాదు. రాళ్ల మీదుగా వడిగా దూకే, ప్రాణవాయువు బాగా కలిసిన నదీ ప్రవాహమే కావాలి. దాని లార్వా తాను స్రవించిన పట్టును రాతికి అంటించి, వెనుక కొసనున్న కొక్కేలను అందులో గుచ్చి పట్టుకుని, తలపైనున్న విసనకర్రల వంటి కుచ్చులతో ప్రవాహంలో కొట్టుకొచ్చే సూక్ష్మమైన ఆహారాన్ని వడకట్టుకుని తింటుంది. పెద్దదైన ఆడ ఈగ పట్టపగలే కుడుతుంది. దోమలాగా సూదిని దింపదు, చర్మాన్ని కోసి, ఊరిన రక్తాన్ని పీలుస్తుంది. రాత్రి దోమతెర కట్టుకున్నా, పెరట్లో కొబ్బరిచిప్పలు బోర్లించినా దానికి వచ్చే నష్టం ఏమీ లేదని ఆ అధికారికి ఎవరు చెప్పాలి?

ఆ కాటుతో ఒంట్లోకి చేరే పురుగు మన బోదకాలు పురుగుకు దగ్గరి చుట్టమే. తల్లి పురుగులు చర్మం కింద గడ్డల్లో పది పదిహేనేళ్లు బతుకుతూ లెక్కలేనన్ని పిల్లలను వదులుతాయి. అవి చర్మంలో పాకుతున్నంతకాలం భరించలేని దురద. కంటిలోకి చేరి చచ్చినప్పుడు వచ్చే వాపు ఏళ్ల తరబడి పేరుకుని చివరికి చూపును మింగేస్తుంది. పశ్చిమ ఆఫ్రికాలో సారవంతమైన నదీ లోయలను వదిలి ఊళ్లకు ఊళ్లే తరలిపోయాయంటే కారణం ఇదే. 1974లో మొదలైన నియంత్రణ కార్యక్రమం కింద హెలికాప్టర్లతో వారం వారం నదుల్లో మందు చల్లారు. అందులో ముఖ్యమైనది టెమెఫాస్, అంటే మన మలేరియా సిబ్బంది నీటి తొట్లలో వేసే మందే. 2002లో ఆ కార్యక్రమం ముగిసేనాటికి ఆరు లక్షల మందికి చూపు దక్కిందని, రెండున్నర కోట్ల హెక్టార్ల భూమి మళ్లీ సాగుకు యోగ్యమైందని అంచనా. ఇంత కథను మీరు ‘నీరు నిల్వ ఉండనీయరాదు’ దగ్గర ముగించారు.

మందు సంగతి అసలు రాయనే లేదు. కరోనా కాలంలో మన మందుల దుకాణాల్లో జనం ఎగబడి కొన్న ఐవర్‌మెక్టిన్ ఈ వ్యాధికి అసలైన మందు. తయారీ సంస్థ 1987 నుంచి దీనిని ఉచితంగా ఇస్తోంది. అది పిల్ల పురుగులను చంపుతుంది కానీ తల్లి పురుగులను చంపదు కనుక ఏడాదికి ఒకటి రెండుసార్లు చొప్పున ఏళ్ల తరబడి మింగించాలి. అక్కడి పల్లెల్లో, ఊరివాళ్లే ఎంచుకున్న మనిషి గుర్తులు వేసిన ఒక కర్రను నిలబెట్టి, దాని పక్కన మనిషిని నిలిపి, ఎత్తును బట్టి ఒకటి నుంచి నాలుగు మాత్రల దాకా ఇస్తాడు. 90 సెంటీమీటర్ల గుర్తుకు అందని పిల్లలకు ఇవ్వడు. తూకం యంత్రం అక్కర్లేదు. ఇక్కడ మా వీధిలో బోదకాలు మాత్రలు పంచినప్పుడు ఎదుట మింగించాలన్న నిబంధన ఉన్నా, మాత్రలు గుమ్మంలో పెట్టి, చేతి గోటిపై సిరా గుర్తు వేసి వెళ్లిపోయారు. వచ్చిన అమ్మాయిని తప్పుపట్టను. సాయంత్రానికి అంకె పూర్తి కావాలని పైనుంచి ఫోన్లు వస్తుంటే ఆమె మాత్రం ఏం చేస్తుంది? ఆ మాత్రలు చాలా ఇళ్లలో ఇప్పటికీ కిటికీ గూళ్లలోనే ఉన్నాయి, కాగితాల మీద మాత్రం అందరం మింగేశాం.

ఏ కీటకం ఎక్కడ పెరుగుతుందో అడగకుండానే ప్రతి జబ్బుకూ పొగబండి పంపడం మన పురపాలక యంత్రాంగానికి అలవాటైపోయింది. ఆ పొగ ఎగిరే దోమనే చంపుతుంది, కాలువలో ఈదుతున్న లార్వా జోలికి పోదు. అధికారులు చెప్పిందల్లా అచ్చువేయడం పత్రికలకు అలవాటైపోయింది. వెనుకటి రోజుల్లో ఇలాంటి వార్త అచ్చుకు వెళ్లేముందు డెస్కులో ఎవరో ఒకరు స్థానిక కళాశాల జంతుశాస్త్ర అధ్యాపకుడిని అడిగేవారు. మా శాఖలో ఖాళీ కాని పోస్టులు ఇంకా కొన్ని మిగిలే ఉన్నాయి కనుక ఇప్పుడూ అడగవచ్చు.

కావున, అసలు నల్ల ఈగ బొమ్మతో సవరణను ప్రచురించవలసిందిగా, వీలైతే నగల ప్రకటన లేని పేజీలో వేయవలసిందిగా కోరుతున్నాను.

ఇట్లు,
ఒక విశ్రాంత జంతుశాస్త్ర అధ్యాపకుడు,
కాకినాడ