ఆ హెడ్మాస్టర్ (హెచ్.ఎం.) పోస్టు మీద కోర్టుకి వెళ్లాల్సింది ఎవరు?

ఒరేయ్ బావా,

నీ ఉత్తరం చదివాను. మీవాడి ఎయిడెడ్ స్కూల్లో లెక్కల మేడమ్‌ని పక్కనపెట్టి, ఆవిడకన్నా జూనియర్‌ని హెచ్.ఎం. చేశారని నీకు ఒళ్లు మండిపోతోంది. నాకూ మండింది. కానీ నీ పేరు మీద హైకోర్టులో రిట్ పిటిషన్ వెయ్యకు, దయచేసి ఆగు.

జడ్జిగారు ముందు చూసేది నియామకం తప్పా ఒప్పా అని కాదురా. "మీరెవరు, మీకేం నష్టం?" అంటారు. "మా అబ్బాయి అక్కడ చదువుతున్నాడు" అని అఫిడవిట్‌లో రాస్తే సరిపోదు. లోకస్, అంటే కేసు వేసే అర్హత, నీకు లేదని కేసుని విచారణకి తీసుకునే దశలోనే కొట్టేసే ప్రమాదం ఉంది. పోనీ పిల్ (ప్రజాప్రయోజన వ్యాజ్యం) వేద్దామంటే, నియామకాలు, ప్రమోషన్ల లాంటి సర్వీసు వ్యవహారాల్లో పిల్ పనికిరాదని సుప్రీంకోర్టు 1998లోనే దుర్యోధన్ సాహు కేసులో తేల్చేసింది.

నీలాంటివాళ్లకి మిగిలింది కో వారంటో. "ఏ అధికారంతో ఈ కుర్చీలో కూర్చున్నారు?" అని నిలదీసే రిట్ అది. దీనికి సొంత నష్టం చూపించక్కర్లేదు. 2022లో గుజరాత్ సర్దార్ పటేల్ యూనివర్సిటీ వీసీ (వైస్ ఛాన్సలర్) నియామకం ఇలాగే రద్దయింది, యూనివర్సిటీలకి నిబంధనలు పెట్టే యూజీసీ అడిగిన పదేళ్ల ప్రొఫెసర్ అనుభవం లేదని. అయితే అది ప్రజా పదవి అయ్యుండాలి, నియామకం చట్టబద్ధమైన నిబంధనకి విరుద్ధంగా జరిగుండాలి. ఎయిడెడ్ స్కూల్ హెచ్.ఎం. పోస్టు ఆ లెక్కలోకి వస్తుందా అన్న దగ్గరే అవతలి లాయరు పట్టుకుంటాడు. పైగా కొత్తాయనకి అర్హతలన్నీ ఉండి, సీనియారిటీ ఒక్కటే తక్కువైతే ఈ రిట్ నిలబడటం కష్టం.

అదే మేడమ్ వెళ్తే లోకస్ గురించి ఎవరూ నోరెత్తలేరు. అర్హత ఉంది, సీనియారిటీ లిస్టులో పేరుంది, పోయింది ఆవిడ ప్రమోషన్. ముందు డీఈఓకి (జిల్లా విద్యాశాఖాధికారికి) అర్జీ పెట్టి, రసీదు తీసుకోమను. కొత్త హెచ్.ఎం.ని ప్రతివాదిగా చేర్చి తీరాలి, ఆయన మాట వినకుండా ఆయన నియామకాన్ని రద్దు చెయ్యరు. ఆలస్యం మాత్రం చెయ్యొద్దు. ఇంటర్వ్యూ పెట్టి ఉంటే, ఆవిడ అభ్యంతరం చెప్పకుండా హాజరైందేమో అడుగు. రూల్స్ తెలిసీ ఇంటర్వ్యూకి వెళ్లి, ఎంపిక కాకపోయాక ఆ పద్ధతే తప్పంటే కోర్టులు ఒప్పుకోవు.

అన్నిటికన్నా ముందు కనుక్కోవాల్సింది ఇంకోటుంది. ఆ యాజమాన్యానికి మైనారిటీ హోదా ఉందా? ఉంటే కథ మారిపోతుంది. కేరళలో అమ్మద్ అనే టీచరు కేసులో, మైనారిటీ స్కూలుకి తనకి నచ్చిన అర్హుణ్ణి హెడ్మాస్టర్‌గా ఎంచుకునే హక్కుందని 1998లో సుప్రీంకోర్టు చెప్పింది. అక్కడ సీనియారిటీ వాదన నిలబడలేదు.

యాజమాన్యం అంటే ఆవిడ భయపడుతోందని రాశావు. భయం ఉండదా మరి, రోజూ అక్కడే పనిచెయ్యాలి కదా! బలవంతపెట్టకు. పిటిషన్ మీద సంతకం పెడతానంటే మాత్రం తల్లిదండ్రులంతా ఆవిడ వెనక నిలబడండి, లాయరు ఫీజుకి చందాలెయ్యండి. నువ్వు వేసే రిట్ కన్నా ఇదే ఆవిడకి పనికొస్తుంది.

సీనియారిటీ లిస్టు, నియామకపు ఆర్డరు, డీఈఓ ఆమోదం ఇచ్చిన ప్రొసీడింగ్స్, ఈ మూడూ సంపాదించు. వాళ్లు ఇవ్వం అంటే డీఈఓ ఆఫీసులో సమాచార హక్కు దరఖాస్తు పడెయ్యి. అవి రాగానే నాకు పంపు, మా సీనియర్ లాయరుగారికి చూపిస్తాను.

ఉంటాను రా,
నీ బావ