మమ్మల్ని తీసిన సినిమా మాకెందుకు చూపించరు?

సంపాదకులకు నమస్కారం.

ఉద్దానం కిడ్నీ జబ్బు మీద డాక్యుమెంటరీ తీస్తామని కెమెరాలతో మా కవిటి వైపు వచ్చేవాళ్లకు లెక్కలేదు. రానివ్వండి, తీయనివ్వండి. తీసింది ఒక్కసారి మా ఊళ్లో తెర కట్టి చూపించమనండి. నా మనవి అంతే.

ఆమధ్య ఒక బృందం మా పెద్దమ్మ ఇంటికొచ్చింది. ఆవిడకు డయాలసిస్ జరుగుతోంది. వసారాలో కొనుక్కున్న నీళ్ల టిన్ను ఎదురుగానే ఉంది. అయినా వాడకం మానేసిన నూతి దగ్గరికి తీసుకెళ్లి మూడుసార్లు నీళ్లు తోడించారు. డయాలసిస్ సూదులు గుచ్చడానికి రక్తనాళాలు కలిపి కుట్టిన ఫిస్టులా ఉన్న చేత్తో బరువు లాగకూడదు. వాళ్లు అడగలేదు, మొహమాటానికి ఈవిడా చెప్పలేదు. కొత్తవాళ్లను చూసి నవ్వొస్తే "నవ్వకండమ్మా" అన్నారట! పోతూ పోతూ ఇంగ్లీషు కాగితం మీద వేలిముద్ర వేయించుకున్నారు. "నా బొమ్మ ఏటైపోనాదిరా బావూ?" అని నేను ఎప్పుడెళ్లినా అడుగుతుంది.

ఇంకో సంగతి. ఈ జబ్బుకు కారణం ఇదీ అని ఇప్పటికీ తేలలేదు. నీళ్లలో సిలికా అని, ఎండలో పని అని, నొప్పి బిళ్లలని రకరకాల అనుమానాలున్నాయి. సినిమాల్లో మాత్రం నూతిని చూపించి, వెనకాల భయపెట్టే సంగీతం వేసి తీర్పు చెప్పేస్తారు. ఇక్కడ "ఉద్దానం సంబంధమా?" అని పెళ్లివాళ్లు వెనక్కి తగ్గుతుంటే ఆ బాధ మాది.

2018 అక్టోబరులో తిత్లీ తుపాను కొబ్బరితోటలను పడగొట్టినప్పుడూ అంతే, ఆ వారమంతా కెమెరాలే. తర్వాత నాటిన మొక్క కాపుకొచ్చేదాకా రైతు ఏం తిన్నాడో తీసినవాళ్లెవరూ నాకు తగల్లేదు. సోంపేట బీల, అంటే అక్కడి చిత్తడి నేల, అనగానే థర్మల్ విద్యుత్ కేంద్రం వద్దని జనం చేసిన గొడవ, 2010 జూలై 14 నాటి పోలీసు కాల్పులు చూపిస్తారు. చూపించాలి కూడా. కానీ జనం అంత పట్టుబట్టి నిలుపుకున్న ఆ బీలలో వరి, చేపలు, పశువుల మేత ఏ కాలానికి ఎలా ఉంటాయో తీయాలంటే ఏడాది పొడవునా ఇక్కడుండాలి. రెండ్రోజుల లాడ్జి బసతో అయ్యేది కాదు.

షూటింగుకు సాయం చేసే అధికారులు రెండు షరతులు పెట్టాలి: ఒప్పుకోలు కాగితం తెలుగులో రాసి చదివి వినిపించాలి, పూర్తయిన సినిమాను బయట ఎక్కడా వేయకముందే ఆ ఊరి పంచాయతీ దగ్గర వేయాలి. తెరకు దుప్పటి, కూర్చోడానికి చాపలు మేమే తెచ్చుకుంటాం.

— ఒక పాఠకుడు, కవిటి మండలం, శ్రీకాకుళం జిల్లా