మేకప్ ఉద్యోగ నిబంధన కాకూడదు

సంపాదకులకు,

‘నీట్‌గా రావాలి’ అని ఉద్యోగంలో చేరేటప్పుడు అందరికీ చెబుతారు. అబ్బాయికైతే గడ్డం గీసుకుని, ఇస్త్రీ బట్టలు వేసుకుంటే సరిపోతుంది. రిసెప్షన్‌లోనో షోరూమ్‌లోనో నిలబడే అమ్మాయికి మాత్రం ఫౌండేషన్, లిప్‌స్టిక్ కూడా ఆ మాటలోనే కలిసి ఉంటాయి. అవి లేకుండా వచ్చిన రోజు ‘ఒంట్లో బాలేదా?’ అని నలుగురూ అడుగుతారు. కాగితం మీద లేని నిబంధన ఇలాగే అమలవుతుంది.

పొద్దున వేసుకున్న ఫౌండేషన్ పది, పన్నెండు గంటలు ముఖం మీదే ఉంటుంది. చర్మ రంధ్రాలను మూసేసే రకమైతే కొన్ని వారాలకో నెలలకో బుగ్గల మీద, గడ్డం మీద సన్నటి పొక్కులు లేస్తాయి. వాటిని కప్పడానికి కన్సీలర్, దాని మీద పౌడర్. పొక్కులు ఇంకా పెరుగుతాయి. ఆ మేకప్ ఆపితే తగ్గుతాయి, కానీ వెంటనే కాదు, వారాలు పడుతుంది. ఆ వారాలన్నీ పొక్కుల ముఖంతోనే డ్యూటీకి వెళ్లాలి. మేకప్ లేకుండా అలా వెళ్లే ఆ ఒక్క వెసులుబాటే ఉద్యోగంలో దొరకదు.

కొన్నిచోట్ల సిబ్బంది అందరికీ కలిపి ఒకే మేకప్ కిట్ పెడతారు. ఇది మరీ ప్రమాదం. మస్కారా బ్రష్, కాటుక ఒకరివి ఒకరు వాడితే కంటి ఇన్‌ఫెక్షన్లు అంటుకుంటాయి. సొంత మస్కారానైనా తెరిచిన 3 నెలలకు పారేయాలి. ఎండిపోయిందని నీళ్లు కలపకూడదు, సూక్ష్మక్రిములు పెరుగుతాయి. కొత్త క్రీమ్‌ను మోచేతి మడత దగ్గర రోజుకు రెండుసార్లు చొప్పున 7 నుంచి 10 రోజులు రాసి చూశాకే ముఖానికి వాడాలి. రేపటి నుంచే వేసుకు రమ్మంటే ఈ పరీక్షకు వ్యవధి ఎక్కడిది?

మేకప్ ఇష్టపడి వేసుకునేవారిని ఎవరూ తప్పుపట్టనక్కర్లేదు. అభ్యంతరమల్లా బలవంతం మీదే. వర్జిన్ అట్లాంటిక్ విమాన సంస్థ 2019లో మహిళా సిబ్బందికి మేకప్ తప్పనిసరి అనే నియమాన్ని తీసేసింది. మిగతా యాజమాన్యాలకూ అది సాధ్యమే. ‘నీట్‌గా’ అనే ఒక్క మాటతో వదిలేయకుండా శుభ్రమైన ముఖం, దువ్విన జుట్టు, కత్తిరించిన గోళ్లు, ఉతికిన యూనిఫాం అని ఆడామగా అందరికీ ఒకే జాబితా రాసివ్వాలి. అప్పటిదాకా మేకప్ అడిగే సంస్థలు ఎవరి సామగ్రి వారికి విడిగా కొనివ్వాలి, వేసుకోవడానికీ తుడుచుకోవడానికీ పట్టే సమయాన్ని పనిగంటల్లో కలపాలి. చర్మం పాడైన అమ్మాయికి డాక్టరు చీటీ అడగకుండానే మినహాయింపు ఇవ్వాలి.

– ఒక పాఠకురాలు